ఎరిక్ లిడెల్: ఆదివారం పరుగెత్తని క్రీడాకారుడు

ఎరిక్ లిడెల్ పేరు వినగానే మనకు ఒలింపిక్స్ పరుగే గుర్తొస్తుంది. అంతకుముందు ఆయన రగ్బీ ఆటగాడు. మన వరంగల్ మైదానాల్లో అంతగా కనబడని ఆ ఆటలో 1922, 1923లలో స్కాట్లాండ్ తరఫున 7 అంతర్జాతీయ పోటీలు ఆడారు. పరుగు కోసమే దాన్ని వదిలారు.

1902లో చైనాలో మిషనరీ దంపతులకు పుట్టారాయన. 1924 పారిస్ ఒలింపిక్స్‌లో 100 మీటర్ల తొలి పోటీలు ప్రభువు దినాన పడ్డాయి. సినిమాలో చూపినట్టు ఓడ ఎక్కేటప్పుడు కాదు, నెలల ముందే ఆ సంగతి తెలుసు. పరుగెత్తనన్నారు. 400 మీటర్లకు సాధన చేసి 47.6 సెకన్లలో బంగారు పతకం గెలిచారు. మన ప్రసంగాలు సాధారణంగా ఇక్కడే ఆగిపోతాయి.

మరుసటి ఏడాది లండన్ మిషనరీ సొసైటీ (విశాఖలో, కడపలో పనిచేసిన మిషనే) తరఫున చైనా వెళ్లి బడిలో సైన్స్ చెప్పారు, తర్వాత పల్లెల్లో సేవ చేశారు. 1941లో, యుద్ధం ముదురుతుండగా, గర్భవతియైన భార్య ఫ్లోరెన్స్‌నూ ఇద్దరు కూతుళ్లనూ కెనడా పంపేశారు. మూడో కూతురిని ఆయన చూడనే లేదు.

1943లో జపాన్ వారు ఆయనను వైషియన్ నిర్బంధ శిబిరంలో పెట్టారు. అక్కడ ఆదివారం ఆటలు వద్దని మొదట గట్టిగానే ఉన్నారు. కుర్రాళ్లు తమంతట తామే హాకీ ఆడి కొట్టుకున్నారు. తర్వాతి ఆదివారం ఆయనే రిఫరీగా దిగారు. ఆజ్ఞను సడలించారని కొందరంటారు. నేననను. అప్పుడు వద్దన్నది తన పతకాన్ని, ఇప్పుడు దిగింది పిల్లల కోసం.

1945 ఫిబ్రవరి 21న మెదడులో కణితితో 43వ ఏట అక్కడే ప్రభువునందు నిద్రించారు. ఆగస్టులో శిబిరానికి విడుదల వచ్చింది.