తాత, మనవడు, 64 గడులు

మొన్న డిస్క్రీట్ మ్యాథ్స్ ఇంటర్నల్‌లో గుణించాల్సిన చోట కూడి 5 మార్కులు పోగొట్టుకున్నాను. శాలిబండలో మా ఇంటి అరుగు మీద చదరంగం పరుచుకున్న తాతకి చెప్తే, పావులూరి మల్లన తెలుసారా అన్నాడు. తెలీదు. ఇంగ్లిష్ మీడియం గాణ్ణి, మల్లన అంటే నాకు కొమురవెల్లి మల్లన్నే.

ఈ మల్లన దాదాపు 11వ శతాబ్దం వాడు. ఇంటిపేరు ఊరిదే, పావులూరు ఇప్పటి బాపట్ల జిల్లాలో ఉంది. తిరకాసు ఏంటంటే తాత పేరూ మల్లనే, మనవడి పేరూ మల్లనే. రాజరాజనరేంద్రుడి దగ్గర పిఠాపురం వైపు నవఖండవాడ పొందింది తాత. పుస్తకం ఎవరిదన్న దాని మీద పండితులకి ఇంకా తగువే. మా తాత ఓటు తాతకే, వేరే చెప్పాలా?

ఆ పుస్తకానికి మూలం మహావీరాచార్యుడు 9వ శతాబ్దంలో సంస్కృతంలో రాసిన గణితసారసంగ్రహం. కొన్నిటిలోంచి కొన్నిటిని ఎన్ని రకాలుగా ఏరుకోవచ్చో అందులో సూత్రం ఉంది, ఉదాహరణ ఆరు రుచులు. ఒక్కో రుచికి రెండే దారులు, వేస్తాం లేదా మానేస్తాం. 2ని ఆరుసార్లు గుణిస్తే 64, ఏ రుచీ లేనిది తీసేస్తే 63. అంటే ఉగాది పచ్చడిని 62 రకాలుగా పాడుచేయొచ్చు.

మహావీరుడు జైనుడు, మల్లన శైవుడు. అందుకే లెక్కల్లో జినుడున్న చోటికి శివుడొచ్చాడు. నన్నయ భారతం మొదలుపెట్టిన రోజుల్లో తెలుగులో లెక్కలకి ముందు దారి అంటూ ఏదీ లేదు. ఆయన పద్యాల్లో చెప్పాడు.

తాతకి నోటికొచ్చిన పద్యం చదరంగం మీద. మొదటి గడిలో ఒక గింజ, తర్వాత రెండు, నాలుగు, ఇలా 64 గడులూ నింపితే మొత్తం ఎన్ని? జవాబులో అంకెలుండవు, మాటలుంటాయి. శరం అంటే 5, చంద్రుడు 1, వేదాలు 4, ఆకాశం సున్నా. తాత చెప్తుంటే టైప్ చేశాను, 51615590737044764481 వచ్చింది. ల్యాప్‌టాప్‌లో లెక్క వేస్తే అది కాదు. మల్లన తప్పు అన్నాను. చాయ్ పందెం వేశాడు తాత.

కుడి నుంచి చదువు అన్నాడు.

18446744073709551615. ఒక్క అంకె తేడా లేదు. పైగా ఇది నాకు తెలిసిన నంబరే! ల్యాబ్‌లో అన్‌సైన్డ్ 64 బిట్ల వేరియబుల్‌లో -1 వేసినప్పుడు స్క్రీన్ మీద కనపడేది ఇదే. ఒక్కో బిట్‌కీ రెండు దారులే కాబట్టి 2ని 64 సార్లు గుణించి, ఒకటి తీసేయడం. రుచుల లెక్కే, ఆరు బదులు అరవై నాలుగు. నేను కూడి పోగొట్టుకున్నది ఇక్కడే.

చాయ్‌తో పాటు ఉస్మానియా బిస్కెట్లు కూడా నా ఖాతాలోనే రాయించాడు తాత. పద్యం ఇప్పుడు సగం దాకా వచ్చింది నాకు.