అనక్సాగొరసు

క్రీస్తు పూర్వము 500 ప్రాంతమున, ఆసియా మైనరు పశ్చిమ తీరమునందలి క్లాజొమెనే అను గ్రీకు పట్టణమున అనక్సాగొరసు జన్మించెను. అతనిది సంపన్న కుటుంబము. కాని అతని మనస్సు ధనముపై నిలువలేదు. పిత్రార్జితమును బంధువులకు విడిచి, ప్రకృతి రహస్యములను శోధించుటకే అతడు పూనుకొనెనని ప్రాచీనులు వ్రాసిరి.

పిమ్మట అతడు ఏథెన్సు నగరము చేరి, అచ్చట బహుకాలము నివసించెను. ఆ నగర నాయకుడైన పెరిక్లీసు అతనికి ఆప్తమిత్రు డయ్యెను.

ఆ కాలమున గ్రీకు తత్త్వవేత్తలను ఒక చిక్కు వేధించుచుండెను. లేనిదానినుండి ఏదియు పుట్టజాలదు. ఉన్నది లేకుండ పోజాలదు. అట్లయినచో మనము తిను రొట్టె రక్తమాంసములుగా ఎట్లు మారుచున్నది? ప్రతి వస్తువునందును తక్కిన అన్నిటి అంశములును కలవనియు, ఏ అంశము అధికముగా నుండునో ఆ వస్తువుగా అది మనకు గోచరించుననియు అనక్సాగొరసు సమాధానము చెప్పెను. రొట్టెయందు రక్తమాంసముల అంశములు ముందే యుండుటచేత అది దేహమును పోషించుచున్నది. పుట్టుట యనగా కలియుట. నశించుట యనగా విడిపోవుట. ఆదియందు సమస్తమును కలగలిసి యుండగా, దేనితోను కలియని బుద్ధి యను శక్తి దానిని సుడివలె త్రిప్పి, వేరుపరచి, లోకమునకు క్రమమును కల్పించెనని అతని సిద్ధాంతము.

ఆకాశమును సైతము అతడు ఇట్లే విచారించెను. సూర్యుడు మండుచున్న రాయి యనియు, పెలొపొనీసు ద్వీపకల్పముకంటె పెద్దదనియు, చంద్రుని వెన్నెల సూర్యుని వెలుగే యనియు, భూమి నీడవలన చంద్రగ్రహణమును, చంద్రుడు అడ్డుపడుటవలన సూర్యగ్రహణమును కలుగుననియు బోధించెను. క్రీస్తు పూర్వము 467 ప్రాంతమున ఈగస్పొటామి అను చోట ఆకాశమునుండి ఒక పెద్ద రాయి పడెను. ఆకాశమున రాళ్లు కలవను అతని మాటకు ఇది బలము చేకూర్చెను.

అయినను ఏథెన్సు ప్రజలకు సూర్యుడు దైవము. ఆయనను రాయి యనుట దైవదూషణమని అనక్సాగొరసుపై నేరము మోపిరి. పెరిక్లీసును దెబ్బతీయ గోరిన వారికిని ఇది మంచి అదను అయ్యెను. మిత్రుని సాయమున ప్రాణములు దక్కినను, అతడు ఆ నగరమును విడువవలసివచ్చెను.

సూర్యుడు రాయి కాడనియు, ప్రజ్వలించు వాయుగోళమనియు, అతని వ్యాసము భూమి వ్యాసమునకు సుమారు 109 రెట్లనియు నేడు మన మెరుగుదుము. అతని కొలత తప్పినను మార్గము తప్పలేదు. గ్రహణములను గూర్చి అతడు చెప్పినది నేటికిని సత్యమే.

హెల్లెస్పాంటు జలసంధి తీరమున గల లాంప్సకసు పట్టణము అతనిని ఆదరించెను. క్రీస్తు పూర్వము 428 ప్రాంతమున అతడు అచ్చటనే మరణించెను. అవసానకాలమున నగర పాలకులు వచ్చి అతని కోరిక యేమని యడిగిరట. విగ్రహమును గాని, గోపురమును గాని అతడు కోరలేదు. తాను మరణించు మాసమున ఏటేటను బాలబాలికలకు ఆటవిడుపు నీయుమని మాత్రము కోరెనట. ఆ ఆచారము అచ్చట చిరకాలము సాగెనని చెప్పుదురు.