తోట అప్పగించిన తోటమాలి

ఒక సంఘాన్ని స్థాపించిన సేవకుడు మొదట్లో అన్నీ తానే చేస్తాడు. వాక్యం చెప్పేదీ ఆయనే, చాపలు పరిచేదీ ఆయనే. సంఘం పెరిగాక కమిటీలు, లెక్కల పుస్తకాలు, తీర్మానాలు వస్తాయి. అప్పటికే అలసిన ఆ సేవకునికి, నాటిన తోటలోనే తాను పరాయివాడినయ్యానన్న బాధ మొదలవుతుంది. ద్వారకా తిరుమల మొదలు ఏలూరు, తాడేపల్లిగూడెం, కొల్లేటి లంకల వరకు ఏ సంఘంలోనైనా ఈ పరిస్థితి రావచ్చు. అలాంటివారికి ఫాదర్ హయ్యర్ జీవితం మంచి పాఠం.

1793లో జర్మనీలో జన్మించిన హయ్యర్ అమెరికా వెళ్లి లూథరన్ బోధకులయ్యారు. భార్యను కోల్పోయాక, 50 ఏళ్లకు చేరువలో భారతదేశానికి సిద్ధపడ్డారు. అయితే ఆయన్ను పంపాల్సిన సొసైటీ మరో పెద్ద మిషన్ బోర్డుతో కలిసి నడవాలనుకుంది. అది మనస్సాక్షికి సమ్మతం కాక హయ్యర్ తప్పుకున్నారు. చివరకు పెన్సిల్వేనియా లూథరన్లు పంపగా 1842 జూలై 31న గుంటూరు చేరి, బడులతో పరిచర్య ఆరంభించారు.

1844లో వాల్టర్ గన్ దంపతులు వచ్చారు. హయ్యర్ పని వారికి అప్పగించి అమెరికా వెళ్లి వైద్యం చదివారు. 1848లో తిరిగొచ్చారు. ఈసారి ఆయన్ను పంపింది మొదట తాను విభేదించిన సొసైటీయే! పాత పగ మనసులో ఉంటే అది సాధ్యమయ్యేదా? గుంటూరులో గన్ ఉండగా తాను పల్నాడులోని గురజాలకు వెళ్లి కొత్త పని మొదలుపెట్టారు. 1857లో ఆరోగ్యం చెడి అమెరికా వెళ్లిపోయారు.

1869 నాటికి రాజమండ్రి మిషన్‌కు పనివారు కరువయ్యారు. దాన్ని, అప్పటికే ఏలూరు, మచిలీపట్నాల్లో పనిచేస్తున్న సి.ఎం.ఎస్.కు ఇచ్చివేయాలనుకున్నారు. ఆ మాట విని 76 ఏళ్ల హయ్యర్ తానే వెళ్తానని ముందుకొచ్చారు. రాజమండ్రి చేరి పనిని చక్కదిద్దారు. కొత్తగా వచ్చిన ష్మిట్ అనే యువ మిషనరీకి దాన్ని అప్పగించి 1871లో వెళ్లిపోయారు. 1873లో ఫిలడెల్ఫియాలో ప్రభువునందు నిద్రించారు. ఆయన మొదలుపెట్టిన గుంటూరు పని, నిలబెట్టిన రాజమండ్రి పని 1927లో ఆంధ్ర సువార్త లూథరన్ సంఘంగా ఒక్కటయ్యాయి.

ఉదయం నుంచి సాయంత్రం వరకు ఒక్కడే తీర్పు తీరుస్తున్న మోషేకు మామ యిత్రో ఇచ్చిన సలహా మనకు తెలుసు. భారం పంచుకోకపోతే సేవకుడూ నలుగుతాడు, ప్రజలూ నలుగుతారు. భారం పంచుకున్నాక మోషే తక్కువవాడు కాలేదు. హయ్యర్ కూడా అంతే. ఆయన పదవిని వదిలారు, ప్రభువు పనిని వదల్లేదు.

ఇందులో కమిటీలకూ హెచ్చరిక ఉంది. అలసిన స్థాపకుడిని పక్కకు నెట్టడం క్రమశిక్షణ కాదు. ఆయనకు విశ్రాంతినివ్వాలి, గౌరవమివ్వాలి, అవసరమైనప్పుడు తిరిగి పిలవాలి. స్థాపకులమైనా, నిన్న చేరిన సభ్యులమైనా తోట మనది కాదు, ప్రభువుది. ఈ సంగతి గుర్తుంటే తాళంచెవులు అప్పగించే రోజున మన చేయి వణకదు.