కదిలే బొమ్మల వెంకయ్య

సినిమా పుట్టినప్పుడు అందులో కథ లేదు, మాట లేదు. 1895లో ఫ్రాన్సులో లూమియేర్ సోదరులు తీసిన తొలి చిత్రాల్లో ఒకటి, పని ముగించుకుని ఫ్యాక్టరీ గేటు దాటుతున్న కార్మికులది. నిమిషమైనా నిడివి లేని అలాంటి బొమ్మలే 1896 జూలై 7న బొంబాయి వాట్సన్ హోటల్లో ఆడాయి. రోజూ చూసే జనమే తెర మీద కదులుతుంటే చూసినవాళ్లకు అది పెద్ద వింత. ఆ వింతను దక్షిణాది ఊళ్లకు మోసుకెళ్లిన తెలుగువారు రఘుపతి వెంకయ్య నాయుడు.

1869లో బందరులో పుట్టిన వెంకయ్య మద్రాసు చేరి ఫోటోగ్రాఫరుగా స్థిరపడ్డారు. స్టూడియో బాగా నడుస్తున్నా ఆయన మనసు కదిలే బొమ్మల మీదికి మళ్లింది. 1910 ప్రాంతంలో ఆ స్టూడియోనే తాకట్టు పెట్టి క్రోనోమెగాఫోన్ అనే యంత్రం తెప్పించారు. బొమ్మ ఆడుతుండగా గ్రామఫోను రికార్డు నుంచి శబ్దం వినిపించే యంత్రమది. దానికి 30 వేల రూపాయల దాకా అయిందని చెబుతారు. అన్నం పెట్టే స్టూడియోను పణంగా పెట్టడం ఆ రోజుల్లో చిన్న తెగింపు కాదు.

మద్రాసులో గుడారం వేసి పొట్టి చిత్రాలు చూపారు. ఆ గుడారంతోనే ఊరూరా తిరిగి, బర్మా, సింహళం దాకా వెళ్లారు. తిరిగొచ్చి మద్రాసులో గెయిటీ, ఆపై క్రౌన్, గ్లోబ్ హాళ్లు కట్టారు. కొడుకు ప్రకాష్‌ను సినిమా పని నేర్చుకోవడానికి విదేశాలకు పంపారు. 1921లో తండ్రీకొడుకుల స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థ నుంచి 'భీష్మ ప్రతిజ్ఞ' మూకీ వచ్చింది. ప్రకాష్ దర్శకత్వం వహించి, భీష్ముడిగానూ నటించారు.

తర్వాత అప్పులు మీదపడ్డాయి, హాళ్లు చేజారాయి. 1941లో వెంకయ్య కన్నుమూశారు. ఆయన పేరిట రాష్ట్ర ప్రభుత్వ పురస్కారం 1980లో మొదలైంది.

ఆయన ఆస్తులే కాదు, 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా నేడు మనకు దక్కలేదు. ఆనాటి ఫిల్ము ఇట్టే అంటుకునేది, దాచినా పాడైపోయేది. మన కూర్మనాథుని గుడి గోడల మీది రంగుల బొమ్మలు, వెలిసినా, ఇంకా కనిపిస్తున్నాయి. వందేళ్ల నాటి ఫిల్ము మాత్రం లేదు. కాబట్టి పూర్వ విద్యార్థులకు ఒక మనవి. మన బడి, మన వీధులు, డోలోత్సవం నాటి జనం ఉన్న పాత ఫోటోలు, వీడియో క్యాసెట్లు పెట్టెల అడుగున ఉంటే, చెదలు పట్టకముందే కాపీలు తీయించి బడికి అందజేయండి.