జులై 11 ఎవరి పుట్టినరోజో తెలుసా?

ఏఈఈ పోస్టుకి ప్రిపేర్ అవుతున్నారా? అయితే ఈయన గురించి తెలుసుకోండి.

మీర్ అహ్మద్ అలీ 1877 జులై 11న హైదరాబాద్‌లో పుట్టారు. నిజాం కాలేజీలో చదివి, 1896లో సర్కారు స్కాలర్‌షిప్‌తో ఇంగ్లండ్‌లోని కూపర్స్ హిల్ ఇంజినీరింగ్ కాలేజీకి వెళ్లారు. తిరిగొచ్చి అసిస్టెంట్ ఇంజినీరుగా చేరి, చీఫ్ ఇంజినీరు దాకా ఎదిగారు. మనకు తెలిసిన నవాబ్ అలీ నవాజ్ జంగ్ ఆయనే. తెలంగాణలో ఇంజినీర్ల దినోత్సవం జరిపేది ఆయన పుట్టినరోజునే.

ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ ఆయన కాలంలోవే. మీది తొర్రూరు వైపయితే పాలేరు, వైరా కూడా గుర్తుపెట్టుకోండి. అవి కట్టినప్పుడు ఖమ్మం ప్రాంతం వరంగల్ జిల్లాలోనే ఉండేది.

మంజీరపై నిజాంసాగర్ 1923లో మొదలై 1931లో పూర్తయింది. నిజామాబాద్ పొలాల్లో వరి, చెరకు పండాయి. కానీ నదికి అడ్డు కడితే నీళ్లతో పాటు మట్టీ ఆగిపోతుంది. ఎగువన అడవులు నరికేకొద్దీ ఇంకా ఎక్కువ కొట్టుకొస్తుంది. యాభై ఏళ్లు తిరక్కుండానే ఆ జలాశయం సగానికి పైగా పూడిపోయింది. దిగువన నదికేమో ఆ ఒండ్రు అందకుండా పోయింది.

ఆయన 1949లో కన్నుమూశారు. కట్టినవాటిని, వాటి కింది నదుల్ని నిలబెట్టే పని మనకి మిగిలింది. పూడిక సర్వేలు, జీఐఎస్ మ్యాపులు, శాటిలైట్ డేటాతో నీటి లెక్కలు: కోడింగ్ వచ్చినవాళ్లకీ ఇందులో చోటుంది. ఈ సెలవుల్లో మీ ఊరి చెరువు ఒకప్పుడు ఎంత లోతుండేదో పెద్దవాళ్లని అడగండి. మీ ప్రాజెక్టు అక్కడే మొదలుపెట్టొచ్చు.