కార్మికబంధువు వరాహగిరి వేంకటగిరి

కర్మాగారపు ద్వారమువద్ద కార్మికులు గుమిగూడినతోడనే న్యాయస్థానమున కేగి పోలీసు రక్షణము గోరుట యజమానులకు పరిపాటియైనది. బోధన్ చెరకుసీమ రైతులును, నిజామాబాదు పురజనులును ఈ విషయమును లెస్సగా యోచింపవలసియున్నారు. 1937లో శక్కర్‌నగరమున వెలసిన నిజాము చక్కెర కర్మాగారముతో వారి బ్రదుకులు పెనవైచికొనినవి. నరికిన చెరకు నిలువయున్నకొలది అందలి చక్కెర తరుగును. గానుగ యాగినచో రైతునకు నష్టము. కూలి చాలనిచో కార్మికునకు పస్తు. ఇట్టి చిక్కున రక్షకభటులు చేయగలదేమి, చేయజాలనిదేమి యను ప్రశ్నకు గిరిగారి జీవితము సమాధానము చెప్పుచున్నది.

గిరిగారు 1894 ఆగస్టు 10వ తేదీన బరంపురమున జన్మించిరి. తండ్రి జోగయ్యపంతులుగారు పేరుగన్న న్యాయవాది. 1913లో గిరిగారు న్యాయశాస్త్రాభ్యాసమునకై డబ్లిన్ నగరమున కేగిరి. ఆ యేడే ఆ నగర యజమానులు సంఘమును వీడని వేలకొలది పనివారిని వెలిద్రోసిరి. పోలీసుల లాఠీలు జనులపై విరిగినవి. ఐర్లండు స్వాతంత్ర్యోద్యమముతో సంబంధము గలదని 1916లో గిరిగారిని ఆ దేశమునుండి వెడలగొట్టిరి.

స్వదేశమున న్యాయస్థానములు కార్మికున కానాడు అనుకూలములు గావు. 1918లో చెన్నపట్టణమున కార్మికసంఘమును స్థాపించిన వాడియాగారిపై బకింగుహాము, కర్ణాటక మిల్లుల యజమానులు హైకోర్టునుండి నిషేధపుటుత్తరువు పొందిరి. సమ్మెను ప్రోత్సహించుటయే ఒప్పందభంగమునకు పురికొల్పుటగా ఎంచబడెను. ఈ యన్యాయము గుర్తించి జోషిగారు 1921లో కేంద్ర శాసనసభయందు తీర్మానము తెచ్చిరి. తత్ఫలితముగా వచ్చిన 1926 నాటి చట్టము, రిజిస్టరైన సంఘముల కట్టి వ్యాజ్యములనుండి రక్షణ గల్పించెను. ఆ సంవత్సరముననే గిరిగారు అఖిలభారత ట్రేడుయూనియన్ కాంగ్రెసున కధ్యక్షులైరి.

1928లో బెంగాల్-నాగపూరు రైల్వేయందు పనినుండి తొలగింపబడినవారి పక్షమున సాగిన సమ్మెను ఆయన అహింసామార్గమున నడపిరి. శాంతి దప్పని సమ్మె లాఠీకి నెపము నీయదు. ఇది కార్మికులు మరువరాని పాఠము.

1937 ఎన్నికలలో బొబ్బిలి రాజాగారి నోడించి, రాజాజీ మంత్రివర్గమున గిరిగారు కార్మిక, పరిశ్రమల శాఖలను వహించిరి. నిన్నటిదాక అధికారము నెదిరించినవారు నేడు అధికారస్థానమున గూర్చుండిరి. అయినను దృష్టి మారలేదు. 1952లో కేంద్ర కార్మికమంత్రియై, యజమానులును కార్మికులును ఎదురెదురుగ గూర్చుండి మాటాడుకొనుటయే మేలని ప్రబోధించిరి. నిర్బంధ న్యాయనిర్ణయమును ఆయన, అసంతృప్తి ఎచ్చట పొడసూపునాయని పొంచియుండి ఉభయులను కోర్టునకీడ్చు పోలీసుతో పోల్చిరి. బ్యాంకు ఉద్యోగులకు లభించిన తీర్పును ప్రభుత్వము మార్చగా, 1954లో పదవినే త్యజించిరి. పిమ్మట గవర్నరై, ఉపరాష్ట్రపతియై, 1969 మొదలు 1974 వరకు రాష్ట్రపతిపదవి నలంకరించిరి. 1975లో భారతరత్న బిరుదమంది, 1980 జూనులో దివంగతులైరి.

న్యాయస్థానము పోలీసు రక్షణ నొసగుట తప్పని మేమనము. ప్రాణమునకు, ఆస్తికి హాని గలుగునెడ, పనికి బోగోరువాని నడ్డగించునెడ రక్షణ నొసగుట రాజ్యధర్మము. కాని శాంతియుతమైన సమ్మెను విరుచుటకు ఆ రక్షణ సాధనము కారాదు. పోలీసు ద్వారమును తెరిపింపగలడు, కూలిరేటు నిర్ణయింపజాలడు. చెరకు బండిని దాటింపగలడు, గానుగ నడుపజాలడు.

బోధన్ గాథయే ఇందుకు సాక్ష్యము. 2002లో ఆ కర్మాగారమున నూటికి 51 వంతులు ప్రైవేటువారి పరమాయెను. 2015 డిసెంబరున అది మూతపడెను. పొగగొట్టమునుండి పొగ రాకున్నపుడు ద్వారమున నెందరు భటులు నిలిచిన నేమి? అప్పుడు రైతునకు గానుగయు లేదు, కార్మికునకు జీతమును లేదు. కావున చెరకు పండించువాడును, పిండువాడును, పెట్టుబడి పెట్టినవాడును కోర్టుమెట్లెక్కుటకు పూర్వమే ఒక్క బల్లవద్ద గూర్చుండవలెను. గిరిగారు ఆజన్మము చెప్పినది, చేసి చూపినది ఇదియే.