ఎవరెస్టు కింద కన్నార్పకుంట కూసున్న కెమెరా

ఇయ్యాల జేబుల ఫోనుంటె సాలు, ఎవలైనా వీడియో దీస్తరు. వందేండ్ల కిందట గట్ల లేకుండె. కూలీల ఈపుల మీద కెమెరా పెట్టెలు ఎక్కిచ్చి ఎవరెస్టు దాక పట్టుకపోయిన సినిమా మనిషి ఒకాయనున్నడు. పేరు జాన్ నోయెల్. చేతుల కెమెరా ఉన్న ప్రతి పోరడు, పోరి ఎర్క జేస్కోవాల్సిన బతుకు ఆయనది.

1890లో ఇంగ్లండ్‌ల పుట్టిండు. సైన్యంల ఆఫీసరయ్యి మన దేశమొచ్చిండు. బయటోళ్లను టిబెట్ రానియ్యని కాలమది. అయినా 1913లో ఒంటికి రంగు వూస్కొని, హిందుస్తానీ ముసల్మాన్ ఏసం గట్టి, దొంగతనంగ లోపలికి వోయిండు. ఎవరెస్టు ఇంకా 60 కిలోమీటర్లకు పైనే ఉందనంగ సిపాయిలు అడ్డంబడి ఎనుకకు మర్లగొట్టిండ్రు.

1922లో ఇంగ్లండోళ్ల జట్టుతోని కెమెరా వట్టుకొని మళ్ల వోయిండు. జూన్ 7న మంచుచరియ ఇరిగివడి మూటలు మోసే ఏడుగురు పాణం ఇడిసిండ్రు. గంత జరిగినా నోయెల్‌కు ఆ కొండ మీద పావురం తగ్గలె. 1924 యాత్రను సినిమా దీసే హక్కును 8,000 పౌండ్లకు కొన్నడు.

ఆ ఏడు జూన్ 8న మలోరీ, ఇర్విన్ అనే ఇద్దరు శిఖరం దిక్కు వోయిండ్రు. తోటోడు ఓడెల్ మబ్బుల సందుకెల్లి వాళ్లను ఆఖరుసారి జూసిండు. మళ్ల రాలె. కింది క్యాంపుల నోయెల్ దూరం జూపే లెన్సుకు కన్ను ఆనిచ్చి కూసున్నడు. పైనున్నోళ్లు మంచు మీద ఆరు దుప్పట్లు అడ్డం, నిలువు పరిసిండ్రు. ఆ ఇద్దరు ఇగ లేరని సైగ అది.

అదే ఏడు ‘ది ఎపిక్ ఆఫ్ ఎవరెస్ట్’ సినిమా వచ్చింది. జనాన్ని గుంజుకొచ్చేటందుకు టిబెట్ లామలను లండన్ దీస్కపోయి స్టేజీ మీద ఆడిచ్చిండ్రు. టిబెటాయన పేన్లు దీసి నోట్లె ఏస్కునే ముక్క గూడ సినిమాల వెట్టిండ్రు. టిబెట్ పెద్దలకు కడుపు మండింది. మా దేవుని ఆటను తమాష జేస్తరా, మమ్ముల ఎక్కిరిస్తరా అని కోపానికొచ్చిండ్రు. ఆ దెబ్బకు 1933 దాక ఎవరెస్టుకు ఇంగో జట్టు వోలేదు. ఏ కొండ కోసం బతుకంతా తండ్లాడిండో, ఆ కొండ తలుపులు ఆయన సినిమాతోనే మూసుకున్నయి.

నోయెల్ 1989లో, 99 ఏండ్లకు పోయిండు. మలోరీ శవం 1999లో దొరికింది. ఇర్విన్ కాలొకటి 2024లో బయటవడ్డది. వాళ్లు శిఖరం ఎక్కినంక సచ్చిండ్రా, ఎక్కకముందేనా? ఆ ముడి ఇప్పటికీ ఇడలె. వాళ్లు ఎంట తీస్కపోయిన చిన్న కెమెరా గినా దొరికితె జవాబు దెలుస్తదని ఇంకా ఆశ.

మలోరీ, ఇర్విన్ పేర్లు లోకమంత ఎర్కే. మరి 1922లో మంచు కింద వడ్డ ఆ ఏడుగురి పేర్లు ఎందరు జెప్తరు? మన ఊర్ల వరదొచ్చినా, ఇల్లు గాలినా ముందుగాల లేసేది ఫోనే. లేపుండ్రి, తప్పులేదు. కని ఎదుటోని కష్టం తమాష కాకుండ జూడుండ్రి. మూట మోసినోని పేరు గూడ రాయుండ్రి.